నేను మానని మాత్ర

జూలై 8, మంగళవారం

ఉప్పు మానేసి పంతొమ్మిదో రోజు. బీన్స్ ఉడకబెట్టాను. బీన్సూ, అవి ఉడికిన నీళ్లూ ఒకే రుచి. నమలడం, మింగడం — అంతే. గంట కొడితే క్లాసుకి వెళ్లినట్టు తింటున్నాను.

నా బీపీకి విశాఖలో డాక్టరు మాత్రలతో పాటు ఇచ్చిన కాగితం వంటింటి గోడకి అంటించి ఉంది. రెండు వరసలు. టిక్కు పెట్టినవి: ఓట్స్, గోధుమ రొట్టె, ఆపిల్, వెన్న తీసిన పాలు, రోజుకి నాలుగు లీటర్ల నీళ్లు. ఇంటూ పెట్టినవి: అన్నం, పచ్చడి, అప్పడం, ఎండుచేప, ఉప్పు. ఉప్పు పక్కనున్న ఇంటూ మీద డాక్టరు పెన్నుతో మరోసారి గట్టిగా దిద్దారు. "మీ వారికి వచ్చిందే మీకూ రాకూడదంటే, అమ్మా..." అన్నారు. మిగతాది అనాల్సిన అవసరం లేకపోయింది.

చోళ్లు, అంటే రాగులు, ఏ వరసలోనూ లేవు. సామలు లేవు, కొర్రలు లేవు. ఈ కొండల్లో మనుషులు తినేవేవీ ఆ కాగితానికి తెలియవు. తెలియనిదాని జోలికి పోకుండా ఉండటమే మంచిదని ఓట్స్ తింటున్నాను. అరకులో ఒక్క కొట్లోనే దొరుకుతాయి. టూరిస్టుల కోసం తెప్పిస్తారట.

జూలై 11, శుక్రవారం

పొద్దుటి నుంచి ముసురు. సంతకి వెళ్లలేదు. వెళ్లి కొనేదేముంది — సంతలో సగం ఇంటూ వరసలోవే.

సాయంత్రం కంచె అవతలి నుంచి బుద్రక్క గిన్నె పట్టుకుని వచ్చింది. చోడి అంబలి, మీద కాల్చిన ఎండుచేప. పదకొండేళ్లుగా ఆ కంచె మీదుగా గిన్నెలు అటూ ఇటూ తిరుగుతూనే ఉన్నాయి. బడిలో ఉద్యోగానికి మేమిద్దరం ఈ ఊరు వచ్చిన మొదటి రోజు కూడా ఆమె ఇలాగే గిన్నెతోనే వచ్చింది, మాకు పొయ్యి వెలగక ముందే.

"వద్దక్కా, డాక్టరు మానేయమన్నారు" అన్నాను.

"ఏటి, అంబలి మానీమన్నాడా? అంబలి ఏటి సేసింది ఆడికి?"

"అంబలి కాదు, అందులో ఉప్పు."

"ఉప్పు లేకుండా అంబలేటి టీచరమ్మా..." అంటూ నవ్వి, నా మొహం చూసి ఆపేసింది. గిన్నె మీద మూత మళ్లీ పెట్టింది. వానలోనే వెళ్లిపోయింది.

జూలై 13, ఆదివారం

ఆరాధన అయ్యాక చర్చి వరండాలో అందరికీ టీ, ఉప్పు బిస్కెట్లు. నేను నీళ్ల సీసా పట్టుకుని నిలబడ్డాను. చేతిలో కప్పు లేని మనిషితో ఎవరూ ఎక్కువసేపు మాట్లాడరని ఇవాళ తెలిసింది.

జూలై 19, శనివారం

ఆయన పోయి నాలుగేళ్లు.

నల్లబల్ల దగ్గర లెక్క చెబుతూ చెబుతూ సుద్దముక్క వదిలేశారు. ఆయన నవ్వుతున్నారని పిల్లలు అనుకున్నారట ముందు. నోరు ఒక పక్కకి పోయింది. కొండ కిందికి దించేసరికి చెయ్యి పోయింది. విశాఖ చేరేసరికి మనిషే పోయారు. బీపీ మాత్ర ఒంట్లో బాగా లేదనిపించిన రోజు వేసుకునేవారు, బాగుంటే మానేసేవారు. పెరుగన్నంలో మళ్లీ ఉప్పు కలుపుకునేవారు. నేను నవ్వి ఊరుకునేదాన్ని.

అందుకే ఇప్పుడు ఏ మాటా జవదాటను. నాలుగు లీటర్లు అంటే నాలుగు లీటర్లే. సీసాకి పెన్నుతో గీతలు గీశాను.

ఆగస్టు 3, ఆదివారం

నర్సమ్మ వచ్చి బీపీ చూసింది. "చాలా బాగుంది టీచరుగారూ, మీలాగ అందరూ ఉంటే మాకు పనే ఉండదు" అంది. మెచ్చుకుంటే ఈ వయసులోనూ ఒళ్లు పులకరించింది. చాలా రోజుల తర్వాత ఎవరో నన్ను చూసి సంతోషించారు.

ఆగస్టు 15, శుక్రవారం

జెండా. పులిహోర. పిల్లలు ఆకుల్లో పెట్టుకుని మెట్ల మీద కూర్చున్నారు. తొమ్మిదో తరగతి జమున నా దగ్గరికి ఆకు తెచ్చింది. వద్దన్నాను. "టీచర్, మా చేత్తో ముట్టుకున్నామనా?" అంది. కాదు కాదు అని ఎంత చెప్పినా... ఆ పిల్ల మొహం సాయంత్రం దాకా అలాగే ఉంది.

ఆగస్టు 21, గురువారం

పిక్కలు పట్టేస్తున్నాయి. తల బరువు. వికారం. విశాఖ క్లినిక్‌కి ఫోన్ చేశాను. డాక్టరు ఫోన్‌కి రాలేదు, లోపల పేషెంట్లున్నారట. ఫోనెత్తిన అబ్బాయి అడిగి వచ్చి చెప్పాడు — "నీళ్లు తక్కువ తాగుతున్నారేమో చూసుకోండి మేడమ్."

ఐదు లీటర్లు చేశాను.

ఆగస్టు 31, ఆదివారం

బుద్రక్క ఇంట్లో కొత్త పండగ. ఏటా మొదటి కొర్రలు వండి ముందు వాళ్ల పెద్దలకి పెట్టి, తర్వాత ఇరుగుపొరుగుని పిలుస్తారు. మా చర్చి వాళ్లలో కొందరు వెళ్లరు. ఆయన మాత్రం ఏటా వెళ్లేవారు. "అన్నానికి మతమేంటే" అనేవారు. ఆయనతో నేనూ.

ఈసారి ఒక్కదాన్నే వెళ్లాను. వాళ్లబ్బాయి కామేసు చాప వేశాడు. బుద్రక్క ఆకు వేసి, కొత్త అన్నం, పప్పు, కోడికూర వడ్డించింది. నేను చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాను.

"ఒక్క ముద్ద" అంది.

"వద్దక్కా."

"మీ దేవుడు వద్దన్నాడా?"

"దేవుడు కాదు. డాక్టరు."

"దేవుడైతే అర్థమవును" అంది. నా ఆకు తీసి పక్కనున్న మనిషికి జరిపేసింది. కోపంగా కాదు. మర్యాదగా. ఆ మర్యాదే బాధ పెట్టింది.

ఇంటికొచ్చి గోధుమ రొట్టె కాల్చుకున్నాను. సగం తిన్నాను.

సెప్టెంబర్ 5, శుక్రవారం

టీచర్స్ డే. పిల్లలు పెన్ను ఇచ్చారు. ఇచ్చిన పిల్ల పేరు రాలేదు. మూడేళ్లుగా నా ఎదురుగా కూర్చునే పిల్ల. అందరూ చప్పట్లు కొడుతుంటే నేను పేరు వెతుక్కుంటున్నాను. తర్వాత పద్యం చెప్పమంటే సగంలో ఆగిపోయాను. నవ్వేశాను.

సెప్టెంబర్ 7, ఆదివారం

బుద్రక్క రావడం మానేసింది. కంచె దగ్గర కనబడితే తల ఊపుతుంది. అంతే.

సెప్టెంబర్ 9, మంగళవారం

నీళ్లు తాగాను. తాగానా. సీసాలో గీత మూడు దగ్గరుంది, అంటే మూడా, ఇంకా మూడా... ఆయన్ని అడగాలి.

కాదు. ఆయన లేరు.

సెప్టెంబర్ 16, మంగళవారం

లోయలో ఆసుపత్రి. ఆడవాళ్ల వార్డు, కిటికీ పక్క మంచం. ఇవాళే పెన్ను పట్టుకోగలిగాను. అక్షరాలు వంకర.

పదో తారీకు పొద్దున్న పడిపోయానట. నాకేమీ గుర్తు లేదు. పెరట్లో బిందె కింద కొళాయి తిప్పి వదిలేశాను. నీళ్లు పొర్లి కంచె దాటి బుద్రక్క వాకిట్లోకి వెళ్లాయి. "టీచరమ్మా, కొళాయి కట్టీ!" అని అరిచిందట. పలకలేదు. తిట్టుకుంటూ వచ్చి చూస్తే నేను కొళాయి గట్టు మీద పడి ఉన్నానట, కళ్లు తెరిచే ఉన్నాయట, మాట లేదట. తర్వాత ఫిట్స్. కామేసు జీపు తెచ్చాడు. దారి పొడుగునా బుద్రక్క నా తల ఒళ్లో పెట్టుకుని కూర్చుంది.

అలిగి ఉన్న మనిషి. కొళాయి కట్టడానికి వచ్చింది.

సెప్టెంబర్ 17, బుధవారం

ఇక్కడి డాక్టరమ్మ చిన్నపిల్ల. నా దగ్గర చదివిన పిల్లలంత ఉంటుంది. పొద్దున్న స్టూలు లాక్కుని కూర్చుంది.

"టీచర్ గారూ, రోజూ ఏం తింటారో చెప్పండి. పొద్దున్న లేచిన దగ్గర్నుంచి."

చెప్పాను. ఆపకుండా విన్నది. ఏ డాక్టరూ నన్నిది అడగలేదు — ఏం తినకూడదో చెప్పారు గానీ, ఏం తింటున్నావని అడగలేదు. ఐదు లీటర్ల నీళ్లు అనగానే రాయడం ఆపింది.

"మీ రక్తంలో ఉప్పు పడిపోయిందండీ. ఉప్పు మానేశారు, నీళ్లు ఎక్కువ తాగారు, పైగా మీరు వేసుకునే బీపీ మాత్రల్లో ఒకటి ఒంట్లో ఉప్పుని బయటికి తోసేది. మూడూ కలిశాయి. ఇంకో పూట ఆలస్యమైతే..."

ఈమె కూడా ఆ వాక్యం పూర్తి చేయలేదు. డాక్టర్లందరికీ ఇది అలవాటేమో.

"తగ్గించాలి, మానేయకూడదు. దాహమేస్తే తాగండి. చోళ్లు తినండి, సామలు తినండి, మీకు ఓట్స్ ఎందుకు? ఆ ఒక్క మాత్ర తీసేస్తున్నాను. దాని బదులు ఇంకోటి ఇస్తాను. అది మాత్రం మానకండి. మీ వారి సంగతి నర్సమ్మ చెప్పింది."

మధ్యాహ్నం బుద్రక్క వచ్చింది. నా కళ్లలోకి చూసి, గుర్తు పట్టానో లేదో అని, "నానెవుల్ని?" అంది. బుద్రక్కవి అన్నాను. కొంగుతో మొహం తుడుచుకుంది.

సెప్టెంబర్ 21, ఆదివారం

ఇల్లు. గోడ మీద కాగితం. ముందు దాన్ని పీకాను. చింపబోయి ఆగాను. మడిచి బైబిల్లో కాదు, బీరువాలో పెట్టాను.

చెల్లెలు సుశీల ఫోన్. "అక్కా, విశాఖ వచ్చేయ్, ఒక్కదానివీ అక్కడెందుకు?" ఎందుకో నాకూ తెలియదు. ఇక్కడైతే కనీసం నీళ్లు పొర్లితే ఎవరో ఒకరు అరుస్తారు.

సెప్టెంబర్ 28, ఆదివారం

అంబలి. రెండు గిన్నెలు. బుద్రక్క అరుగు మీద కూర్చుని తాగాను. ఉప్పు, పచ్చిమిరపకాయ, ఉల్లిపాయ. నాలుక మీద ఉప్పు తగిలేసరికి ఏడుపొచ్చింది, సిగ్గు లేకుండా. ఆమె చూడనట్టు మొక్కజొన్న పొత్తులు ఒలుస్తూ కూర్చుంది.

అక్టోబర్ 5, ఆదివారం

ఈ మూడు వారాల్లో కోపం తగ్గాలి కదా. పెరుగుతోంది. మూడు నెలలు చప్పిడి తిండి తిన్నాను. మనుషుల చేతిలోంచి అన్నం తోసేశాను. జమున మొహం, బుద్రక్క ఆకు... అన్నీ ఒక ప్రింటు కాగితం కోసం.

ఫోన్‌లో ఒకాయన వీడియోలు చూస్తున్నాను. బీపీ అనేదే వ్యాపారం అంటాడు. మాత్రలన్నీ విషం అంటాడు. చెప్పే తీరు బాగుంది, గొంతు బాగుంది. చివర్లో తన పొడి డబ్బా చూపించాడు. అయినా ఇంకోటి చూశాను.

సాయంత్రం అరుగు మీద అదంతా కక్కేశాను. "ఈ డాక్టర్లు చెప్పేవి ఏవీ నమ్మకూడదక్కా. మనిషిని చూడరు, కాగితం చూస్తారు. మాత్రలతోనే మనుషులు పోతున్నారు."

బుద్రక్క చేటలో కందులు బాగుచేస్తోంది. "నాకూ ఇచ్చింది నర్సమ్మ. పోయినేడు క్యాంపులో. బీపీ ఉందంట. తెల్లటివి. పొద్దున్నే ఏసుకుంటన్నాను."

"నీకెందుకక్కా? రోజంతా కొండెక్కి దిగుతావు. నీ ఒంట్లో రోగమెక్కడిది?"

"అలగంటావా?"

"నన్ను చూడు. నాలాగ అవుతావు."

తలూపింది. కందులు చెరిగింది. ఆమె ఇల్లంతా, నేను చెప్పేది వింటూ, నా పక్షాన ఉన్నట్టు అనిపించింది. చాలా రోజుల తర్వాత మాట్లాడే మనిషి దొరికిన సంతోషం. ఇంటికొచ్చేదాకా మాట్లాడుతూనే ఉన్నాను.

అక్టోబర్ 6, సోమవారం

పొద్దున్న మాత్ర వేసుకున్నాను. డాక్టరమ్మ ఇచ్చిన కొత్తది. రోజూ వేసుకుంటున్నాను. ఒక్క పూట కూడా తప్పలేదు.

నిన్న బుద్రక్కతో అంతసేపు మాట్లాడాను కదా, ఆ మాట చెప్పలేదు.

అక్టోబర్ 19, ఆదివారం

మంచు మొదలైంది. పొద్దున్న బడి గేటు కనబడటం లేదు. బుద్రక్క వాళ్ల కాఫీ చెట్లకి కాయ ఎరుపు తిరుగుతోందట. రోజూ సాయంత్రం అరుగు, అంబలి, కబుర్లు. బరువు పెరిగాను. నవ్వుతున్నానని తోటి టీచరు అంది.

నవంబర్ 7, శుక్రవారం

మధ్యాహ్నం విశాఖ వెళ్లే కిరండోల్ రైలెక్కాను. సొరంగాలు. ఒక్కో సొరంగంలో విశాఖ డాక్టరుతో ఏం మాట్లాడాలో అనుకుంటూ... వెలుతురులోకి రాగానే మర్చిపోతూ. సుశీల స్టేషన్‌కి వచ్చింది. "పోట్లాడతావా ఏంటి?" అంది. పోట్లాడాలనే వచ్చాను.

నవంబర్ 8, శనివారం

మూడు గంటలు కూర్చున్నాక పేరు పిలిచారు. డాక్టరుకి నేను గుర్తు లేను. ఆసుపత్రి కాగితాలు ముందు పెట్టాను. చదివారు. కళ్లజోడు తీశారు.

"నేను తగ్గించమన్నానమ్మా. మానేయమనలేదు."

బీరువాలోంచి తెచ్చిన కాగితం తీసి పరిచాను. ఉప్పు. ఇంటూ. దాని మీద రెండో ఇంటూ, ఆయన చేతిదే. బయట బెంచీల మీద జనం. నర్సు తలుపు తీసి మళ్లీ వేసింది.

"తగ్గించమంటే ఎవరూ తగ్గించరు. అందుకే మానేయండి అని గట్టిగా చెబుతాం, సగమైనా తగ్గిస్తారని. మీరు... నిజంగా మానేశారు."

అదే. చెప్పిన మాట విన్నందుకు పడ్డాను. వినని వాళ్లని లెక్కలో పెట్టుకుని చెప్పిన మాట అది. నాకు తిట్టాలని ఉంది. తిట్లన్నీ రైల్లోనే అయిపోయాయి.

"మా దగ్గర చోళ్లు తింటారండీ. ఈ కాగితంలో చోళ్లు లేవు" అన్నాను. ఎందుకు అదే అన్నానో.

పెన్ను తీసి ఉప్పు దగ్గర ఇంటూలు రెండూ కొట్టేసి, 'రోజుకి ఒక చిన్న చెంచా లోపు' అని రాశారు. కింద చోళ్లు అని రాసి టిక్కు పెట్టారు. "చెప్పి మంచి పని చేశారు. కానీ కోపంతో మాత్ర ఆపకండి. ఆపితే పక్షవాతం చెప్పి రాదు. ఒక్కసారే వస్తుంది."

చేటలో కందులు చెరుగుతూ తలూపిన బుద్రక్క గుర్తొచ్చింది. భయం నా కోసం కాదు.

నవంబర్ 9, ఆదివారం

తిరుగు రైలు. బుద్రక్కకి చెప్పాలి. ఇంటికి వెళ్లగానే చెప్పాలి — అక్కా, ఆ రోజు కోపంలో అన్నాను, నువ్వు వేసుకో అని. ఎన్ని రకాలుగా అనుకున్నా ఒకచోట ఆగుతోంది. 'మరి నువ్వు?' అని అడిగితే? నేను ఎప్పుడూ మానలేదని చెప్పాలి. వద్దని చెబుతూ ఉన్న రోజుల్లో కూడా వేసుకున్నానని.

ఆమె మానేసిందో లేదో కూడా తెలియదు. నా మాట పట్టించుకుని ఉండదు.

నవంబర్ 14, శుక్రవారం

ఆమె పొద్దున్నే కాఫీ తోటకి ఎక్కితే సాయంత్రానికి దిగుతుంది. అలసిపోయి ఉంటుంది. ఆదివారం చెబుతాను.

నవంబర్ 16, ఆదివారం

వెళ్లాను. అరుగంతా కాఫీ పళ్లు. బుద్రక్క వేళ్లు ఎర్రగా, జిగురుగా. "సూడు టీచరమ్మా, ఏ మాత్రా లేకుండా ఎలగున్నానో! గుర్రం లాగున్నాను!" అంది. కోడలు నవ్వింది. కామేసు నవ్వాడు.

నేనూ నవ్వాను.

నవంబర్ 23, ఆదివారం

చెప్పలేదు.

నవంబర్ 29, శనివారం

పదకొండు గంటలు. ఎనిమిదో తరగతిలో ఉన్నాను. కామేసు బడి గేటు దగ్గర జీపు ఆపి అరిచాడు. "టీచరమ్మా, అమ్మ!"

వెనక సీట్లో బుద్రక్క. కాఫీ చెట్ల మధ్య కూర్చుండిపోయిందట. కుడి చేతిలోంచి బుట్ట జారిందట. నోరు ఎడమ పక్కకి. నాకు ఆ నోరు తెలుసు. నాలుగేళ్ల కిందట చూశాను.

ఈసారి నేను ఆమె తల ఒళ్లో పెట్టుకున్నాను. లోయ ఆసుపత్రి, అక్కడ్నుంచి అంబులెన్సు, ఘాటు రోడ్డు మలుపులు, విశాఖ. ఆమె ఎడమ చెయ్యి నా చీర పట్టుకుంది, వదల్లేదు. మాట లేదు. గొంతులోంచి ఒకే శబ్దం.

డిసెంబర్ 1, సోమవారం

ప్రాణానికి భయం లేదన్నారు. కుడి వైపు చచ్చుబడింది. మాట వస్తుందో రాదో, నెలలు పట్టొచ్చు.

డాక్టరు అడిగాడు, బీపీ మందులు వాడుతోందా అని. కామేసు "వాడతంది సారూ, పోయినేటి నుంచీ" అన్నాడు ధీమాగా.

నేను పక్కనే ఉన్నాను.

డిసెంబర్ 3, బుధవారం

బట్టలకి ఊరెళ్లి వచ్చాడు కామేసు. ఆసుపత్రి వరండాలో నా పక్కన కూర్చున్నాడు. చేతిలో డబ్బా, విత్తనాలు దాచేది. తెరిచి చూపించాడు. చిక్కుడు గింజల మధ్య మాత్రల అట్టలు. రెండు నెలలవి. నర్సమ్మ నెల నెలా ఇచ్చింది ఇచ్చినట్టే. ఒక్కటీ చింపలేదు.

"మానీసింది టీచరమ్మా. ఎందుకు మానీసిందో. ఎవులు సెప్పారో. అమ్మ ఊరికే మానదు."

నేను ఆ అట్టలే చూస్తున్నాను. పారేయలేదు ఆమె. విత్తనాలతో పాటు దాచింది. పనికొస్తాయనేమో.

"నీకేటైనా సెప్పిందా?"

"లేదు" అన్నాను.

అబద్ధం కాదు. ఆమె నాకేమీ చెప్పలేదు. చెప్పింది నేను.

డిసెంబర్ 4, గురువారం

ప్రార్థన చేయబోయాను. కుదరలేదు. నిన్న 'లేదు' అన్న నోటితోనే కదా.

డిసెంబర్ 12, శుక్రవారం

ఊరికి తెచ్చారు. నేను ముందే వచ్చేశాను, బడి ఉందని. బడి నిజంగానే ఉంది. కంచె అవతల మంచం దింపుతున్న చప్పుడు విన్నాను. వంటింట్లోనే నిలబడ్డాను.

డిసెంబర్ 15, సోమవారం

చిన్న డాక్టరమ్మ ఊరికి వచ్చింది, బుద్రక్కని చూడ్డానికి. నా వాకిట్లో కాసేపు ఆగింది. ఇద్దరం గేటు దగ్గర. ఆమెకి చెప్పేశాను, అంతా. అక్టోబర్ అరుగు, వీడియోలు, నా మాత్ర.

తిడుతుందనుకున్నాను. బూటుతో మట్టి గీస్తూ నిలబడింది.

"మీకు కోపం రావడంలో తప్పు లేదండీ. తప్పుగా చెప్పారు మీకు. అడగాల్సిందే. కానీ అడగాల్సింది మమ్మల్ని. ఆవిడ దగ్గర బీపీ చూసే మిషను లేదు, నమ్మడానికి మీరే ఉన్నారు."

వెళ్తూ వెళ్తూ, "వాళ్లబ్బాయికి నేను చెప్పను. అది నా పని కాదు" అంది.

డిసెంబర్ 18, గురువారం

పరీక్ష పేపర్లు దిద్దుతున్నాను. ఇంటూ పెట్టాల్సి వచ్చిన చోట చెయ్యి ఆగుతోంది. టిక్కులు మాత్రం పెట్టి మిగతావి వదిలేశాను. రేపు పెడతాను.

డిసెంబర్ 21, ఆదివారం

చర్చికి తయారవుతుంటే కామేసు వచ్చాడు. గుమ్మంలోనే నిలబడ్డాడు.

"అమ్మ మాత్ర మింగట్లేదు టీచరమ్మా. నోట్లో ఎడితే ఉమ్మీస్తంది. మా ఇంటిది సెప్పింది, నాను సెప్పాను, నర్సమ్మ సెప్పింది. ఎవుల మాటా ఇనట్లేదు. నీ మాటైతే ఇంటాది. ఓపాలి రా."

నీ మాటైతే వింటుంది. అసలు సంగతి తెలియకుండానే అన్నాడు.

వెళ్లాను. ఇన్నాళ్లకి. పొయ్యి పక్కన చాప మీద గోడకి ఆనించి కూర్చోబెట్టారు. కుడి చెయ్యి ఒళ్లో, ఎవరిదో తెచ్చి పెట్టినట్టు. జుట్టు కత్తిరించారు. నన్ను చూసి మొహంలో సగం కదిలింది.

ఎడమ పక్కన కూర్చున్నాను. కోడలు గ్లాసుతో నీళ్లు తెచ్చింది. మాత్ర నా అరచేతిలో పెట్టింది.

"అక్కా, వేసుకో."

మాత్ర వైపు చూసింది. నా వైపు చూసింది. పెదాలు చాలాసేపు ప్రయత్నించాయి. ఆమె నోట ఇన్ని రోజుల్లో ఒకటి రెండు మాటలే వచ్చాయట.

"నువ్వు" అంది.

అంతే. నువ్వు వేసుకుంటున్నావా అని అడిగిందో. నువ్వే కదా వద్దన్నావు అందో. నువ్వా, వచ్చావా అందో. నేను పిల్లలకి ఇరవై ఎనిమిదేళ్లుగా తెలుగు చెబుతున్నాను. ఆ ఒక్క మాటకి అర్థం చెప్పలేను.

"వేసుకుంటున్నానక్కా" అన్నాను. "రోజూ. ఎప్పుడూ మానలేదు. నిన్ను వేసుకోవద్దన్న రోజు కూడా పొద్దున్నే వేసుకున్నాను."

కోడలి చేతిలో గ్లాసు ఆగింది. గుమ్మం దగ్గర కామేసు కదిలాడు. నేను అటు తిరగలేదు.

బుద్రక్క ఎడమ చెయ్యి లేచింది. మెల్లగా నా అరచేతిలోంచి మాత్ర తీసుకుంది. నోటి దాకా తీసుకెళ్లలేదు. గుప్పిట మూసి చాప మీద పెట్టుకుంది.

"ఏ రోజు టీచరమ్మా?" అన్నాడు కామేసు, వెనక నుంచి.

చెప్పడం మొదలుపెట్టాను. అక్టోబర్, ఆదివారం, కందులు చెరుగుతూ... సగంలో ఉండగా అతను బయటికి వెళ్లిపోయాడు. మిగతా సగం బుద్రక్కకే చెప్పాను. ఆమె కళ్లు నా మీదే ఉన్నాయి. నేను లేచి వచ్చేదాకా గుప్పిట తెరవలేదు.